భాగం 9: గొంతు మారితే పాట మారుతుందా? 'లా ఒరేహా దె వాన్ గోగ్' బృంద సంగీత పరిణామం

9.0 లక్ష్యాలు

ఈ భాగాన్ని చదివిన తరువాత మీరు:
• 'లా ఒరేహా దె వాన్ గోగ్' అనే స్పానిష్ పాప్ బృందం నేపథ్యాన్ని, ఆల్బముల క్రమాన్ని వివరించగలుగుతారు.
• ఇద్దరు ప్రధాన గాయనుల కాలంలో ఆ బృందం పాటల్లో వచ్చిన మార్పులను, మారకుండా నిలిచిన అంశాలను వేరు చేసి చూపగలుగుతారు.
• పాటలోని 'నేను'కూ, పాట రాసినవారికీ, పాడినవారికీ మధ్య ఉన్న సంబంధాన్ని విశ్లేషించగలుగుతారు.
• ఒక బృందాన్ని గాయని పేరుతో మాత్రమే దశలుగా విభజించడంలోని లోపాన్ని గుర్తించి, మీ సొంత అభిప్రాయాన్ని ఏర్పరచుకోగలుగుతారు.

9.1 ఉపోద్ఘాతం

గత భాగాలలో పాటను సాహిత్యం, బాణీ, వాద్య సమ్మేళనం, గానం అనే నాలుగు అంశాలుగా విడదీసి పరిశీలించడం నేర్చుకున్నారు. ఈ భాగంలో ఆ నాలుగింటిలో ఒకటి మారి, మిగిలిన మూడూ అలాగే ఉంటే ఏం జరుగుతుందో చూద్దాం. పాట రాసేవారు వారే, బాణీ కట్టేవారు వారే, వాయించేవారు వారే. పాడే మనిషి మాత్రం మారింది. అప్పుడు మనం వింటున్నది పాత బృందాన్నా, కొత్త బృందాన్నా?

తెలుగు శ్రోతకు ఈ ప్రశ్న మొదట్లో వింతగా తోచవచ్చు. మన సినిమా పాటలో రాసేవారు, స్వరపరిచేవారు, పాడేవారు వేరువేరు మనుషులని అందరికీ తెలుసు. ఒకే సంగీత దర్శకుడు ఈరోజు ఒకరిచేత, రేపు మరొకరిచేత పాడించుకుంటాడు. అందుకు ఎవరూ నొచ్చుకోరు. పాప్ బృందం పద్ధతి వేరు. అక్కడ బృందానికి ఒక పేరు, ఒక ముఖం, ఒక గొంతు ఉంటాయి. శ్రోత ఆ మూడింటినీ కలిపి ఒకే మనిషిగా భావించి ప్రేమిస్తాడు. గొంతు మారితే ఆ మనిషే పోయినట్లు బాధపడతాడు. ఆ బాధ నిజమైనదే. అయితే విమర్శకుడి పని ఆ బాధను ఉన్నదున్నట్లు తీర్పుగా మార్చడం కాదు. పాటలో ఏది మారింది, ఏది మారలేదు, మారినదానికి కారణం నిజంగా గొంతేనా అని విడదీసి చూడాలి.

ఇందుకు 'లా ఒరేహా దె వాన్ గోగ్' చాలా అనువైన ఉదాహరణ. పేరుకు 'వాన్ గోగ్ చెవి' అని అర్థం. 1996లో మొదలైన ఈ బృందంలో పదకొండేళ్లు అమాయా మోంతేరో, ఆ తరువాత పదహారేళ్లు లెయిరే మార్తీనెస్ ప్రధాన గాయనులుగా ఉన్నారు. మిగిలిన నలుగురూ ఈ కాలమంతటా మారలేదు.

9.2 బృందం, నగరం

బృందం పుట్టింది స్పెయిన్ ఉత్తర తీరంలో, బాస్క్ ప్రాంతంలోని సాన్ సెబాస్తియాన్ నగరంలో. బాస్క్ భాషలో ఆ ఊరి పేరు దొనోస్తియా. గిటారు పాబ్లో బెనెగాస్, బేస్ గిటారు అల్వారో ఫ్వెంతెస్, కీబోర్డులు శాబి సాన్ మార్తీన్, డ్రమ్ములు అరిత్స్ గార్దె, గానం అమాయా మోంతేరో. అందరూ అప్పటికి ఇరవై ఏళ్ల లోపు, లేదా ఆ చుట్టుపక్కల వయసువారు. 1997లో తమ నగరం నిర్వహించిన పాప్, రాక్ పోటీలో గెలిచారు. మరుసటి ఏడాదే మొదటి ఆల్బము వచ్చింది.

ఈ నేపథ్యంలో రెండు విషయాలను గుర్తుంచుకోండి. మొదటిది సంగీత వాతావరణం. 1980లలో ఇదే నగరం నుంచి 'దుంకన్ దూ' బృందం వచ్చి స్పెయిన్ అంతటా పేరు తెచ్చుకుంది. 1990లలో 'ఫామిలీ', 'లా బ్వెనా వీదా', 'లె మాన్స్' వంటి బృందాలు మెత్తని, సున్నితమైన పాప్ శైలిని పెంపొందించాయి. దానిని 'దొనోస్తి శైలి' అని పిలిచారు. మన బృందం ఆ శైలికి నేరుగా చెందకపోయినా, అరవకుండా పాడడం, చిన్న అనుభవాన్ని పెద్ద విషయంగా తీసుకోవడం అనే లక్షణాలు దానిలోనూ కనిపిస్తాయి.

రెండవది రాజకీయ వాతావరణం. వీరు పెరిగిన కాలంలో బాస్క్ ప్రాంతం ఈటా సంస్థ సాయుధ హింస నీడలో ఉండేది. గిటారిస్టు పాబ్లో తండ్రి సోషలిస్టు పార్టీలో ప్రముఖ నాయకుడు. ఈటా తన సాయుధ చర్యలకు శాశ్వతంగా స్వస్తి చెబుతున్నట్లు 2011 అక్టోబరులో ప్రకటించే వరకు ఆ నీడ తొలగలేదు. అయినా బృందం తొలి పాటల నిండా కనిపించేవి సముద్ర తీరం, బస్సు ప్రయాణం, స్నేహితులు, విడిపోయిన ప్రేమ. కొందరు దీనిని పలాయనంగా భావించవచ్చు. మామూలు జీవితం జీవించే హక్కు సందేహంలో పడిన చోట, మామూలు జీవితాన్ని గురించే పాడడం కూడా ఒక వైఖరేనని మరొక విధంగా అర్థం చేసుకోవచ్చు. ఈ రెండో అర్థం ఎంత సరైనదో 9.6లో తేలుతుంది.

9.3 మొదటి దశ: గొంతుతో పాటు ఎదిగిన రచన (1998–2006)

ఈ దశలో నాలుగు స్టూడియో ఆల్బములు వచ్చాయి.

మొదటిది 'దీలే అల్ సోల్' (సూర్యుడితో చెప్పు), 1998. ఇందులో గిటారు, డ్రమ్ములు ముందు ఉంటాయి. శబ్దం కొంత మొరటుగా, వేగంగా ఉంటుంది. 'ఎల్ 28' అనే పాట శీర్షికలోని అంకె సాన్ సెబాస్తియాన్ నగరంలోని ఒక బస్సు నంబరు. ఒక యువతి తన ఊళ్లో తాను ఎక్కే బస్సును పాటగా చేసుకోవడంలోనే ఈ బృందం పద్ధతి మొత్తం ఉంది. ఊరు పేరు చెప్పి గర్వపడరు, ఊరి వివరాన్ని డైరీలో రాసుకున్నట్లు రాస్తారు. వినేవారికి ఆ నగరం తెలియకపోయినా, తమ ఊరి బస్సు గుర్తుకు వస్తుంది.

రెండవది 'ఎల్ వియాహె దె కాపర్‌పాట్' (కాపర్‌పాట్ ప్రయాణం), 2000. 'ది గూనీస్' అనే అమెరికన్ బాలల సాహస చిత్రంలో పేరు వినిపించే నిధి అన్వేషకుడు చెస్టర్ కాపర్‌పాట్. శీర్షిక అతని నుంచి వచ్చింది. బాల్యం నుంచి బయటికి వస్తున్నవారి ఆల్బము ఇది. ధ్వని నునుపుతేలింది, కీబోర్డులకు చోటు పెరిగింది. 'కుయీదాతె', 'పారీస్', 'లా ప్లాయా' పాటలు స్పెయిన్‌లోనూ, లాటిన్ అమెరికాలోనూ బృందాన్ని ఇంటింటికీ చేర్చాయి. 'లా ప్లాయా' (సముద్ర తీరం) విడిపోబోయే ఇద్దరి పాట. దుఃఖాన్ని ఎక్కడా పెద్ద మాటల్లో చెప్పదు.

మూడవది 2003లో వచ్చింది. దాని శీర్షిక చాలా పొడవైనది: 'నువ్వు నిద్రపోతున్నట్లు నటిస్తుండగా నేను నీకు చెప్పినవి' అని దాని అర్థం. ఈ శీర్షికలోనే ఒక సన్నివేశం ఉందని గమనించండి. చెప్పేవారున్నారు, వింటూ విననట్లు ఉండేవారున్నారు. 'రోసాస్', 'పువేదెస్ కొంతార్ కొన్మీగో', '20 దె ఎనేరో' ఇందులోని పాటలు. చివరి పాట శీర్షికకు 'జనవరి 20' అని అర్థం. అది సాన్ సెబాస్తియాన్ నగరపు పండుగ రోజు, వీధులన్నీ డప్పుల మోతతో నిండే రోజు. మొదటి ఆల్బములోని బస్సు నంబరులాగే ఇక్కడ తేదీ కూడా ఊరి జ్ఞాపకమే.

నాలుగవది 'గ్వాపా' (అందగత్తె), 2006. 'మున్యేకా దె త్రాపో' (గుడ్డబొమ్మ), 'దుల్సె లొకూరా' (తియ్యని పిచ్చి), 'పెర్దీదా' ఇందులోని ప్రసిద్ధ గీతాలు. అదే ఏడాది దీనికి ఉత్తమ పాప్ బృంద ఆల్బముగా లాటిన్ గ్రామీ పురస్కారం లభించింది. ఇక్కడ కథనం బలపడింది. పాటలు కేవలం 'నాకు బాధగా ఉంది' అనవు. పాత్ర, స్థలం, జరిగిన సంగతి ఏర్పరచుకుంటాయి. అయితే ఈ ఆల్బములో ఒక బరువు కూడా మొదలయింది. ఉపమానాలు ఒకదానిపై ఒకటి పేరుకుని, కొన్ని పాటల్లో భావం వాటి కింద నలిగిపోయింది. ఈ బలహీనత తరువాతి దశలో పుట్టినదని చాలామంది అనుకుంటారు. అది నిజం కాదు. ఇక్కడే ఉంది.

ఈ నాలుగింటిలోనూ అమాయా గానంలో ఒక లక్షణం ప్రస్ఫుటంగా వినిపిస్తుంది. ఆమె గొంతు సన్నగా, మెరుపుతో, కాస్త ముక్కు పలుకుతో ఉంటుంది. పదాలను సంభాషణలో పలికినట్లు తొందరగా పలుకుతుంది, ఊపిరి వినిపిస్తుంది. ఈ బృందం రచనలో పాదాలు పొడవు, అక్షరాలు ఎక్కువ. తాళంలో ఇమడకుండా పొర్లే ఆ అక్షరాలను ఆమె గొంతు 'చెప్పాల్సింది చాలా ఉంది, సమయం లేదు' అన్నట్లు మార్చేది. రచనలోని లోపం గానంలో గుణమయింది.

మీ ప్రగతిని సమీక్షించుకోండి – 1
1. 'ఎల్ 28', '20 దె ఎనేరో' శీర్షికలలోని అంకెలు దేనిని సూచిస్తాయి?
2. ఈ దశలోని నాలుగు ఆల్బములలో ధ్వని ఎలా మారింది? మూడు వాక్యాలలో రాయండి.

9.4 పాటలోని 'నేను' ఎవరు?

గాయని మార్పును చర్చించేముందు ఒక భాషా విషయం తెలుసుకోవాలి. స్పానిష్‌లో ఉత్తమ పురుష క్రియ చెప్పేవారు స్త్రీయా, పురుషుడా అన్నది తెలపదు. తెలుగులో 'వచ్చాను' అంటే ఎవరైనా కావచ్చు కదా, అలాగే. కాని మనం 'ఒంటరిదాన్ని', 'ఒంటరివాణ్ణి' అనగానే తేడా తెలిసిపోతుంది. స్పానిష్ విశేషణాలదీ అదే తీరు. 'పెర్దీదా' అంటే 'దారి తప్పినది'. చివరి 'ఆ' స్త్రీని సూచిస్తుంది. పురుషుడైతే 'పెర్దీదో' అనాలి.

ఈ బృందంలో రచన ఒకరి సొత్తు కాదు. అమాయా కూడా రాసింది. శాబి, పాబ్లో వంటి పురుష సభ్యులు ప్రధానంగా రాశారు. అంటే పాటలో 'నేను' అనే యువతిని చాలాసార్లు సృష్టించినవారు యువకులు. ఆమెకు శరీరం ఇచ్చింది మాత్రం గాయని. స్పానిష్ పాప్‌లో ఇది కొత్త కాదు. 1980లలో 'మెకానో' బృందంలో నాచో కానో, హొసే మరీయా కానో అనే సోదరులు పాటలు కట్టేవారు, ఆనా తొర్రోహా పాడేది. ఆమె 'నేను' అన్నప్పుడు ఆ నేను ముగ్గురికీ చెందేది.

శ్రోత ఈ విషయాన్ని మరచిపోతాడు, మరచిపోవడమే పాట కోరేది కూడా. ప్రేమలో మోసపోయిన అమ్మాయి అమాయాయే అని నమ్ముతాడు. ఆ నమ్మకం ఎంత గట్టిదైతే, గాయని మారినప్పుడు దెబ్బ అంత గట్టిగా తగులుతుంది. 'ఇతరుల డైరీ చదువుతోంది' అని కొత్త గాయనిని నిందిస్తారు. అయితే పాత గాయని గొంతులో విన్న డైరీలోనూ చాలా పుటలు ఇతరులు రాసినవే. ఈ చిన్న నిజాన్ని చేతిలో పట్టుకుని రెండో దశలోకి వెళ్దాం.

9.5 రెండో దశ: కొత్త గొంతు, పాత బృందం (2008–2020)

అమాయా బృందాన్ని వీడుతున్నట్లు 2007 నవంబరులో వెల్లడయింది. మరుసటి ఏడాది ఆమె తన సొంత ఆల్బము విడుదల చేసింది. అదే 2008లో లెయిరే మార్తీనెస్ బృందంలో చేరింది. సాన్ సెబాస్తియాన్ పక్కనే ఉన్న ఎర్రెంతేరియా ఆమె ఊరు. అంతకుముందు ఏడాది 'ఫాక్టోర్ ఎక్స్' అనే టెలివిజన్ పాటల పోటీలో పాల్గొని ప్రేక్షకులకు పరిచయమైంది.

ఆమె గొంతు గుండ్రంగా, వెచ్చగా ఉంటుంది. కింది స్థాయిలో నిండుదనం ఉంది. స్వరాన్ని నిలబెట్టి పట్టగలదు. అమాయా పదాన్ని విసిరేస్తే, లెయిరే పదాన్ని చివరి వరకు మోస్తుంది. అమాయా గొంతులో 'ఇప్పుడే జరిగింది' అన్న తాజాదనం ఉంటే, లెయిరే గొంతులో 'జరిగి చాలా కాలమైంది, నేను మరచిపోలేదు' అన్న నిదానం ఉంది.

బృందం దీనిని అర్థం చేసుకుందా? మొదటి ఆల్బము 'అ లాస్ సింకో ఎన్ ఎల్ అస్తోరియా' (ఐదింటికి అస్తోరియా దగ్గర), 2008, చూస్తే అర్థం చేసుకుందనే అనిపిస్తుంది. అస్తోరియా సాన్ సెబాస్తియాన్‌లో ఒకప్పుడు ఉన్న సినిమా థియేటరు. మళ్లీ ఊరి వివరమే, మళ్లీ కలుసుకునే చోటే. అయితే 1998 నాటి బస్సు వర్తమానంలో నడిచింది. ఈ థియేటరు జ్ఞాపకంలో నిలిచింది. అప్పుడు ఇరవై ఏళ్లవారు ఇప్పుడు ముప్పై దాటారు. ఈ మార్పు గాయని వలన వచ్చింది కాదు, రాసేవారి వయసు వలన వచ్చింది. అమాయా ఉండి ఉన్నా ఆ వయసు ఆగేది కాదు.

2009లో పాత పాటలను కొత్త వాద్య సమ్మేళనంతో, లెయిరే గొంతుతో మళ్లీ రికార్డు చేసి 'కాలానికి ఎడమవైపున మా ఇల్లు' అని అర్థం వచ్చే శీర్షికతో విడుదల చేశారు. 2011లో 'కొమేతాస్ పోర్ ఎల్ సియేలో' (ఆకాశంలో గాలిపటాలు) వచ్చింది. ఇందులో ఎలక్ట్రానిక్ ధ్వనులు బాగా ముందుకు వచ్చాయి. 'పార్టీల్లో ఏడ్చే అమ్మాయి' గురించిన పాట వినండి. లయ నృత్యానికి పిలుస్తుంది, మాటలు ఒంటరితనాన్ని చెబుతాయి. ఈ వైరుధ్యం ఆ పాటలో బాగా పనిచేసింది. కాని ఆల్బములో కొన్నిచోట్ల ఎలక్ట్రానిక్ పూత లెయిరే గొంతులోని వెచ్చదనాన్ని కప్పేసింది. ఇక్కడ తప్పు గొంతుది కాదు, ఆ గొంతుకు తగని దుస్తులు కుట్టినవారిది.

2013లో 'ప్రిమేరా ఫీలా' (మొదటి వరుస) అనే ప్రత్యక్ష కచేరీ ఆల్బము, 2016లో 'ఎల్ ప్లానేతా ఇమాహినారియో' (ఊహాగ్రహం), 2020లో 'ఉన్ సుసుర్రో ఎన్ లా తొర్మెంతా' (తుపానులో గుసగుస) వచ్చాయి. 2016 ఆల్బములోని 'ఎస్తోయ్ కొన్తీగో' (నీతోనే ఉన్నాను) అల్జైమర్స్ వ్యాధి నేపథ్యంలో రాసిన పాట. ఇరవై ఏళ్ల వయసులో 'నన్ను మరచిపోకు' అన్నది ప్రేమికుడితో చెప్పే మాట. నలభైలలో అదే మాట మతిమరుపు కమ్మిన తల్లిదండ్రుల ముందు కూర్చున్నవారి మాట. బృందం పాత వస్తువును వదలలేదు. దాని బరువు పెరిగింది.

9.6 'హ్వేవెస్': ఒక పాటలో బృందం మొత్తం

2008 ఆల్బములోని 'హ్వేవెస్' (గురువారం) పాటను ఈ భాగంలో ప్రత్యేకంగా చదవాలి.

2004 మార్చి 11 గురువారం ఉదయం మాడ్రిడ్‌లో పనులకు వెళ్లే ప్రయాణికులతో నిండిన లోకల్ రైళ్లలో బాంబులు పేలాయి. 190 మందికి పైగా మరణించారు. దాడి జరిపినది జిహాదీ బృందం. కాని అప్పటి ప్రభుత్వం మొదట ఈటాపై నింద మోపింది. ఆ మూడు రోజులూ దేశమంతటా దుఃఖంతో పాటు అనుమానం, కోపం అలముకున్నాయి. అటువంటి సంఘటనపై బాస్క్ ప్రాంతపు బృందం ఒక పాట రాయడం చిన్న విషయం కాదు.

వారు ఏం చేశారు? బాంబు గురించి రాయలేదు. ఒక సిగ్గరి యువతిని రైలెక్కించారు. రోజూ ఎదురుగా కూర్చునే ఒక అపరిచితుణ్ణి ఆమె చూస్తుంది, పలకరించలేదు. తాను అందగత్తెను కానేమోనని లోలోపల సంకోచిస్తుంది. రోజులు గడుస్తాయి. ఎట్టకేలకు మాట కలుస్తుంది. ఆ రోజు మార్చి 11. పాటలో చాలా భాగం వరకు ఇది మామూలు ప్రేమకథే. ఆఖరులో మాత్రమే తేదీ మన మీద పడుతుంది.

'ఎల్ 28'లోని బస్సు ఇప్పుడు మాడ్రిడ్ రైలయింది. '20 దె ఎనేరో'లోని తేదీ ఇప్పుడు దేశమంతా గుర్తుంచుకునే తేదీ అయింది. పదేళ్లుగా డైరీ రాసుకుంటూ సాధించిన నేర్పు ఇక్కడ సామూహిక దుఃఖానికి పనికివచ్చింది. రైల్లో చనిపోయినవారు సంఖ్యలు కారు, సిగ్గుపడుతూ ఎదుటివారిని చూసిన మనుషులు అని చెప్పగలిగింది. మామూలు జీవితాన్ని గురించి పాడడం పలాయనం కాదని 9.2లో అన్న మాటకు ఇదే రుజువు.

ఇందులో గాయని పాత్ర ఏమిటి? ఈ పాటకు ముందే ఏడ్చే గొంతు పనికిరాదు. పాడే పాత్రకు తనకేం జరగబోతోందో తెలియదు. గాయనికి తెలుసు, శ్రోతకు తెలియకూడదు. లెయిరే మొదటి చరణాలను దాదాపు నిర్లిప్తంగా, కథ చెబుతున్నట్లు పాడుతుంది. పాట పెరుగుతున్నకొద్దీ గొంతు పెరుగుతుంది, కాని పగలదు. ఆ నిగ్రహమే పాటను నిలబెట్టింది. ఇంతకుముందు వచ్చిన ఏ పాటకూ ఇది అనుకరణ కాదు. కనుక 'లెయిరే వచ్చాక బృందం తన పాత రోజులను నెమరువేసుకుంటూ బతికింది' అన్న మాట ఈ ఒక్క పాట ముందు నిలవదు.

మీ ప్రగతిని సమీక్షించుకోండి – 2
1. 'పెర్దీదా' అన్న పదం ద్వారా పాటలోని 'నేను' గురించి ఏం తెలుస్తుంది?
2. 'హ్వేవెస్' పాటలో తేదీని చివరి వరకు దాచడం వలన కలిగిన ప్రయోజనం ఏమిటి?

9.7 పాత పాట, కొత్త గొంతు

ఒక అభ్యాసం చేయండి. 'రోసాస్' పాటను 2003 ఆల్బములో ఒకసారి, 2013 కచేరీ ఆల్బములో ఒకసారి వినండి. భాష రాకపోయినా ఫరవాలేదు. విడిపోయిన మనిషి కోసం పట్టు వదలకుండా ఎదురుచూసే స్త్రీ పాట అది అని తెలిస్తే చాలు.

మొదటి రూపంలో ఎదురుచూపు మొండితనంలా వినిపిస్తుంది. 'అతను వస్తాడు' అన్న నమ్మకం ఇంకా సడలలేదు. రెండో రూపంలో ఆమెకు అతను రాడని తెలుసు. అయినా ఎదురుచూపును వదలలేదు. మాటలు అవే, బాణీ అదే, అర్థం మాత్రం జరిగింది. ఏది గొప్ప అని అడిగితే చాలామంది మొదటిదే అంటారు. మొదట విన్నది మన వయసుతో, మన జ్ఞాపకాలతో ముడిపడి ఉంటుంది కనుక ఆ తీర్పు సహజం. కాని 'నాకు మొదటిది ఇష్టం' అనడం వేరు, 'రెండోది తప్పు' అనడం వేరు. మొదటిది అనుభవం, రెండోది వాదన. వాదనకు ఆధారం చూపాలి.

రెండో రూపానికి పరిమితులు లేవని కాదు. వేగవంతమైన తొలి పాటలలో, ముఖ్యంగా అక్షరాలు కిక్కిరిసిన చోట, లెయిరే స్పష్టత ఆ పాటల తొందరపాటును తగ్గించింది. తొందరపాటే వాటి అందం. అక్కడ నష్టం జరిగింది. నిదానమైన పాటలలో లాభం వచ్చింది. ఇలా పాటవారీగా లెక్క చూడడమే విమర్శ.

9.8 2024 తరువాత

2024 అక్టోబరులో లెయిరే బృందం నుంచి వైదొలగినట్లు ప్రకటన వెలువడింది. పదహారేళ్లు పాడినా చాలామంది అభిమానులకు ఆమె ఇంకా 'కొత్త గాయని'గానే ఉండిపోయింది. అమాయా పాడిన కాలం కంటే ఆమె పాడిన కాలం ఐదేళ్లు ఎక్కువ. 2025లో ఆమె తన సొంత పాటను 'మి నోంబ్రె' అనే శీర్షికతో విడుదల చేసింది. 'నా పేరు' అని అర్థం. వ్యాఖ్య అక్కరలేదు.

2025 అక్టోబరులో అమాయా తిరిగి వస్తున్నట్లు బృందం ప్రకటించింది. గిటారిస్టు పాబ్లో బెనెగాస్ కొంతకాలం పక్కకు తప్పుకుంటున్నట్లు కూడా తెలిపింది. ఇక్కడ మీరు ఆలోచించాల్సింది ఉంది. గాయని తిరిగి రావడం పెద్ద వార్త అయింది. పాటలు రాసినవారిలో ఒకరు లేకపోవడం దాని చాటున చిన్న వార్తగా మిగిలింది. 2008లో రాసేవారంతా ఉండి గొంతు లేకపోతే 'ఇది ఆ బృందం కాదు' అన్నారు. ఇప్పుడు గొంతు ఉండి రాసేవారిలో ఒకరు లేకపోతే 'బృందం తిరిగి వచ్చింది' అన్నారు. శ్రోత బృందాన్ని ఎక్కడ వెతుక్కుంటాడో ఇంతకంటే స్పష్టంగా తెలిపే సందర్భం అరుదు.

9.9 మూల్యాంకనం

ఈ బృందాన్ని 'అమాయా కాలం', 'లెయిరే కాలం' అని విభజించడం సులభం. కాని ఆ గీత గానం మారిన చోటును మాత్రమే చూపుతుంది. వస్తువు మారిన చోటు వేరు, అది వర్తమానం నుంచి జ్ఞాపకానికి, వ్యక్తిగతం నుంచి సామూహికానికి క్రమంగా సాగింది. ధ్వని మారిన చోటు ఇంకా వేరు, 1998కీ 2000కీ మధ్య ఒకసారి, 2011లో మరొకసారి. ఊరిని, తేదీని, ప్రయాణాన్ని పట్టుకుని ప్రేమకథ చెప్పే పద్ధతి మాత్రం మొదటి నుంచీ మారలేదు. ఒకే గీతతో ఈ నాలుగింటినీ కొలవలేం.

అలాగని గొంతుకు విలువ లేదనడమూ పొరపాటే. గొంతు పాటకు వయసు ఇస్తుంది. అమాయా ఈ పాటలకు ఇరవై ఏళ్ల వయసు ఇచ్చింది, అది అందరూ తిరిగి పొందాలనుకునే వయసు. లెయిరే వాటికి తరువాతి వయసు ఇచ్చింది, అది అందరూ నిజంగా జీవించే వయసు. మొదటిదానికి ప్రేమ ఎక్కువ దొరకడంలో ఆశ్చర్యం లేదు. రెండోదానికి గౌరవం కూడా దొరకకపోవడం మాత్రం అన్యాయం. 'హ్వేవెస్' వంటి పాటను ఇకపై ఎవరు పాడినా, దానికి మొదటి ఊపిరి ఎవరు పోశారో గుర్తుంచుకోవడం శ్రోత బాధ్యత.

9.10 సారాంశం

'లా ఒరేహా దె వాన్ గోగ్' 1996లో సాన్ సెబాస్తియాన్‌లో ఏర్పడింది. అమాయా మోంతేరోతో 1998 నుంచి 2006 వరకు నాలుగు స్టూడియో ఆల్బములు చేసింది. 2008 నుంచి 2024 వరకు లెయిరే మార్తీనెస్ ప్రధాన గాయని. పాటలలోని 'నేను' రాసినవారికి, పాడినవారికి ఉమ్మడిగా చెందుతుంది. వస్తువులో వచ్చిన మార్పుకు రచయితల వయసు ప్రధాన కారణం. గానంలో వచ్చిన మార్పు పాత పాటల అర్థాన్ని జరిపింది, కొన్నిచోట్ల తగ్గించింది, కొన్నిచోట్ల పెంచింది. 'హ్వేవెస్' పాట రెండు దశలనూ కలిపే వంతెన.

9.11 పదకోశం

వాద్య సమ్మేళనం: ఒక పాటలో వివిధ వాద్యాలను ఎప్పుడు, ఎంత వినిపించాలో నిర్ణయించే కూర్పు.
ఉత్తమ పురుష: మాట్లాడే వ్యక్తిని సూచించే వ్యాకరణ రూపం, నేను, మేము, మనం.
నిగ్రహం: భావాన్ని పూర్తిగా బయటపెట్టకుండా అదుపులో ఉంచడం.
మూల్యాంకనం: ఆధారాలతో విలువ కట్టడం.

9.12 మాదిరి పరీక్ష ప్రశ్నలు

I. కింది ప్రశ్నలకు 30 పంక్తులలో సమాధానాలు రాయండి.
1. గాయని మారిన తరువాత 'లా ఒరేహా దె వాన్ గోగ్' పాటలలో మారినవి, మారనివి ఏవి? ఉదాహరణలతో చర్చించండి.
2. 'పాటలోని నేను గాయనికే చెందుతుంది' అన్న అభిప్రాయాన్ని విమర్శనాత్మకంగా పరిశీలించండి.

II. కింది ప్రశ్నలకు 10 పంక్తులలో సమాధానాలు రాయండి.
1. 'హ్వేవెస్' పాటలో వ్యక్తిగత ప్రేమకథ సామూహిక దుఃఖాన్ని ఎలా మోసింది?
2. 2008, 2025 సంవత్సరాలలో శ్రోతల స్పందనను పోల్చండి.
3. మీకు బాగా తెలిసిన ఒక పాటను ఇద్దరు వేరువేరు గాయకులు పాడగా విని, అర్థంలో వచ్చిన తేడాను వివరించండి. మీకు ఏది ఇష్టమో ఒక వాక్యంలోను, ఎందుకో మిగిలిన వాక్యాలలోను రాయండి.